కాసే గొంతు

పదిహేడేళ్లుగా ఒక మనిషి చావును వీపు మీద మోస్తున్నాను. మాటవరసకు అనడం లేదు. చనిపోయేటప్పుడు రవణ వీపు నా వీపుకు ఆని ఉంది. ఆమె ఎముకలు విరగడం నేను చెవితో కాదు, వెన్నుతో విన్నాను. ఇది చదివే మీరెవరో నాకు తెలియదు. అందుకే మీకు చెప్పగలుగుతున్నాను.

నౌపడ ఉప్పు మడులు దాటి సముద్రం వైపు వెళితే మా నాదశాల. అక్కడ గొంతుతో రాయిని పగలగొట్టడం నేర్పుతారు. సరైన స్వరం తగిలితే టెక్కలి క్వారీ రాయి కూడా రెండుగా చీలుతుంది. కానీ రాయి ఆ దెబ్బలో సగం వెనక్కి విసురుతుంది. అందుకని ఎప్పుడూ ఇద్దరు నిలబడాలి, వీపుకు వీపు ఆనించి. ఒకరిది కొట్టే గొంతు. రెండోది కాసే గొంతు. తిరిగొచ్చే దెబ్బకు ఎదురు స్వరం పలికి దాన్ని అణచేస్తుంది. ఒకరి ముఖం ఒకరికి కనబడదు కాబట్టి కొట్టే మనిషి ముందు అడగాలి, కాసే మనిషి బదులివ్వాలి. బదులు రాకుండా కొట్టకూడదు. మొదటిరోజు నేర్పేది ఇదే.

రవణకు ఆరేళ్లు కాశాను. ఆమె ఉప్పు మడుల్లో పనిచేసే తల్లికి ఒక్కతే కూతురు. ఆమె కొడితే రాయి పొడి రాలకుండా విడిపోయేది. అందరూ ఆమెను చూసేవారు. నన్నెవరూ చూసేవారు కాదు. అది బాధగా ఉండేదా? ఉండేది. కానీ నేను చేసింది అందుకు కాదు.

ఆఖరి పరీక్ష రోజు పొద్దున రవణ నూతి దగ్గర నన్ను నిలదీసింది.

"నీ ఎడం సెవి పోతన్నాదే. అటేపునించి పిలిస్తే తిరగట్లేదు నువ్వు. పరీచ్చ అవ్వగానే మాస్టారికి సెప్పేస్తాను. తిట్టుకుంటే తిట్టుకో."

చెవి పోయినవాళ్లను శాల ఉంచుకోదు. మరి ఇవాళ ఎవరితో నిలబడతావని అడిగాను.

"నీతోనే. ఈ ఒక్కపాలికి కాసేస్తావులే. నాకు తెల్దేటి?"

ఆ నమ్మకానికి నాకు కోపం వచ్చింది. ఎందుకో ఇప్పటికీ సరిగ్గా చెప్పలేను.

ఆ రోజు రాయి మా ఇద్దరికంటే ఎత్తు. వీపులు ఆనించాం. మాకు మాత్రమే వినబడేంత మెల్లగా అడిగింది.

"ఉన్నావేటే?"

"ఉన్నాన్లే. కానియ్."

కొట్టింది. ఎదురు స్వరం నా గొంతులో సిద్ధంగా ఉంది. నేను పళ్లు బిగించి నోరు మూసుకున్నాను.

దెబ్బ ముందు ఆమె పక్కటెముకలను పట్టుకుంది. అవి ఒకదాని వెనక ఒకటి విరిగాయి. ఆమె తల వెనక్కి విసిరేసినట్టు వచ్చి నా తలకు కొట్టుకుంది. మెడ మీద వెచ్చగా కారింది ఆమె చెవుల్లోంచి వచ్చిన రక్తం. రవణ నా వీపు మీదుగా కిందికి జారిపోయింది. తిరిగి చూస్తే దవడ వేలాడుతోంది, కళ్లు నా కోసం వెతుకుతున్నాయి. అప్పుడు, ఆ కళ్లు చూస్తుండగా, ఎదురు స్వరం పలికాను. గట్టిగా. అందరికీ వినబడాలని.

బదులు రాకముందే కొట్టేసిందా అని మాస్టారు అడిగారు. అవునని తల ఊపాను.

భయపెడదామనే అనుకున్నాను, ముక్కులోంచి నాలుగు చుక్కలు రాలితే చాలనుకున్నాను అని ఏళ్ల తరబడి నాకు నేను చెప్పుకున్నాను. అబద్ధం. ఏ రాయి ఎంత వెనక్కి విసురుతుందో లెక్కగట్టడమే నా పని. ఆ శాలలో అది నాకంటే బాగా తెలిసినవాళ్లు లేరు.

తర్వాత నేను అక్కడే పంతులమ్మనయ్యాను. నేర్పేవాళ్లు కాయనక్కరలేదు కాబట్టి ఎడమ చెవి పూర్తిగా పోయిన సంగతి ఎవరికీ తెలియలేదు. ఏటా కొత్త పిల్లలకు మొదటి పాఠం నేనే చెప్తాను: రవణ అని ఒకామె ఉండేది, తొందరపడింది, చచ్చిపోయింది. పిల్లలు రాసుకుంటారు.

పండక్కీ పబ్బానికీ ఆమె తల్లి దగ్గరికి వెళ్లేదాన్ని. అన్నం పెట్టి నన్నే ఓదార్చేది. "దానికి సిన్నప్పట్నించీ తొందరే తల్లీ. నువ్వేటి సేస్తావు." ఆ అన్నం తినేదాన్ని. చెప్పాలని నోరు తెరిచిన రోజులు లేకపోలేదు, మళ్లీ ముద్ద పెట్టుకునేదాన్ని. పోయిన నెల ఆమె చనిపోయింది. కూతురిది తప్పని నమ్ముతూనే పోయింది. క్షమించగల ఒక్క మనిషి పోయాక ఒప్పుకుంటున్నానంటే, ఇది ధైర్యం కాదని నాకు తెలుసు.

పశ్చాత్తాపం గురించి పుస్తకాల్లో చాలా చదివాను. అందంగా రాసినవేవీ ఇప్పుడు నమ్మబుద్ధి కావడం లేదు. చెప్పాల్సింది చిన్నదే. రవణ తొందరపడలేదు. అడిగింది, ఆగింది, నా మాట విన్నాకే కొట్టింది. చంపింది నేను. రేపు ఈ కాగితాలు శాలలో ఇచ్చేస్తాను. ఏం చేస్తారో వాళ్లిష్టం.

ఇది రాశాక ఆకలేసింది. లేచి వండుకుని తిన్నాను. ఇన్నేళ్ల తర్వాత అన్నం రుచి తెలిసినందుకు సిగ్గేసింది. అయినా తిన్నాను.