మెస్సీయ సంగతి రాసిన నాలుగు పేజీలు

నాకు జరిగిన అన్యాయాలను, జరిగిన వరుసలోనే, నా డైరీల నుంచి ఎత్తి రాస్తున్నాను.

1984 ఏప్రిల్ 16, సోమవారం. నేను చేయని పనికి దొంగలా నిలబడవలసి వచ్చింది. మా తెలుగు సంఘం ఆదివారం ఆరాధన జరుపుకొనే యూదుల సమాజమందిరంలో, వారి ప్రార్థన పుస్తకాల మధ్య ఎవరో కరపత్రాలు పెట్టారు. తాళంచెవి నా దగ్గర ఉండేది గనుక అనుమానం నా మీద పడింది.

1984 మే 6, ఆదివారం. సంఘ కార్యదర్శిగా మినిట్స్ చదివిన నన్ను అందరిలో నవ్వులపాలు చేసి కూర్చోబెట్టారు.

మే 13. ఆ మినిట్స్ పుస్తకంలో నేను రాసిన నాలుగు పేజీలను బ్లేడుతో కోసేశారు. పుస్తకం తిరిగి నా చేతికి వచ్చినప్పుడు కుట్టు దగ్గర మిగిలిన అంచులను వేలితో తడిమి చూశాను. రెండు కాగితాలు, నాలుగు పేజీలు.

జూన్ 3. యేసు చివరి భోజనం జ్ఞాపకంగా రొట్టె పంచుకునే ప్రభువు బల్ల ఆచరించిన ఆదివారం. రొట్టె పళ్లెం నా ముందు ఆగకుండా నా భార్య చేతికి వెళ్లింది.

ఆనాటి నుంచి ఈ 1988 వరకు నేను సంఘానికి రాసిన ఏడు ఉత్తరాలకు ఒక్క జవాబూ రాలేదు. ఏడింటి నకళ్లూ నా దగ్గర ఉన్నాయి.

ఇదంతా ఇప్పుడు రాయడానికి కారణం భయమని ఒప్పుకుంటున్నాను. వచ్చే నెలలో నా గుండెకు ఆపరేషను చేస్తామని డాక్టర్లు చెప్పారు. నేను కత్తికి భయపడటం లేదు. ప్రభువు బల్లకు దూరమైన మనిషిగానే కన్ను మూస్తానేమోనని భయపడుతున్నాను. గుంటూరు జిల్లాలో మిషను స్కూలు గచ్చు మీద కూర్చుని వాక్యం వల్లించినవాణ్ని. ఆ భయం నాకు చదువుతో పాటే అబ్బింది.

మేము న్యూజెర్సీలో ప్లెయిన్స్‌బరో అపార్ట్‌మెంట్లలోకి వచ్చింది 1978లో. మందుల కంపెనీ ల్యాబ్‌లో రికార్డులు సరిచూడటం నా ఉద్యోగం. ఒక కొలత తప్పుగా పడితే దాన్ని చెరిపివేయకూడదు. మీద ఒక్క గీత గీసి, పక్కన సరైన అంకె వేసి, తేదీ, సంతకం పెట్టాలి. కింది అంకె ఎప్పటికీ కనబడుతూనే ఉండాలి. ఈ అలవాటు చూసే సంఘం నన్ను కార్యదర్శిని చేసింది. ఈ అలవాటు వల్లే సంఘం నన్ను వెలివేసింది.

కోస్తా జిల్లాల నుంచి వచ్చిన పదకొండు కుటుంబాలం తెలుగులో ఆరాధించుకోవడానికి చోటు వెదుక్కున్నాం. ఆదివారం చర్చీలన్నీ నిండి ఉంటాయి. యూదుల విశ్రాంతి దినం శనివారం గనుక వారి సమాజమందిరం మాత్రం ఖాళీగా ఉండేది. కింది హాలును మాకు ఇచ్చారు. వారి వంటగది నియమాలు వేరు గనుక బయటి మాంసం లోపలికి తేకూడదన్నారు. మా బిర్యానీ గిన్నెలు కార్ డిక్కీల్లోనే ఉండేవి. ఆరాధన కాగానే పార్కింగ్ లాట్‌లో నిలబడి తినేవాళ్లం.

ఆ మందిరాన్ని చూసుకునే మనిషికి డెబ్బై దాటాయి. యూరప్‌లో ఒక చిన్న ఊళ్లో పుట్టి, యుద్ధంలో ఇంటివాళ్లందరినీ పోగొట్టుకుని వచ్చినవాడు. తలుపుకు తాళం వేశాక మూడుసార్లు లాగి చూసేవాడు. నేనూ ఆయన దగ్గరే ఆ అలవాటు నేర్చుకున్నాను. అంతకుముందు ఏడు ఎవరో మందిరం కిటికీ అద్దం రాయితో పగలగొట్టారు. ఆ రోజు ఆయనతో కలిసి గాజుపెంకులు ఏరాను.

ఆ సోమవారం ఆయన నాకు ఆఫీస్‌కి ఫోన్ చేసి రమ్మన్నాడు. బల్ల మీద కరపత్రాలు పరిచి ఉన్నాయి. ఇంగ్లీషులో అచ్చయినవి. 'మీరు చంపిన మెస్సీయ మిమ్మల్ని పిలుస్తున్నాడు' అని పైన పెద్ద అక్షరాలు.

"మిస్టర్ సెక్రటరీ, తాళంచెవి మీ దగ్గరే కదా?" అన్నాడు. ఆయన గొంతులో కోపం లేదు. ఉండి ఉంటే నాకు సులువుగా ఉండేది.

"నేను పెట్టలేదు. దేవుని తోడు."

"ఈ రోజు మా పస్కా పండుగ మొదలు. సాయంత్రం ప్రతి ఇంట్లో భోజనం మధ్యలో వీధి తలుపు తీస్తాం. ఏలీయా కోసం. మెస్సీయ వస్తున్నాడన్న కబురు ఆయనే తెస్తాడని. మా ఊళ్లో మా నాన్న ఆ తలుపు తీసేముందు చెవి ఆనించి వినేవాడు."

"ఏలీయా అడుగుల చప్పుడు కోసమా?"

"కాదు. మీవాళ్ల అడుగుల చప్పుడు కోసం. మీ ఈస్టరూ మా పస్కా దగ్గర దగ్గరగా వస్తాయి కదా. ఈ కాగితం మీద ఉన్న మాటే అరుచుకుంటూ మా ఇళ్ల మీదికి వచ్చేవాళ్లు."

మా ఇళ్లలో ఆ ముందురోజే, ఈస్టరుకు వారం ముందు వచ్చే మట్టల ఆదివారం. పిల్లలు పట్టుకుని తిరిగిన మట్టలు ఇంకా నా కార్‌లో ఉన్నాయి. అవి ఆయన కంట పడతాయేమోనని భయపడి, బయటకు వెళ్లి, వాటి మీద నా కోటు కప్పాను. ఎందుకు కప్పానో ఈనాటికీ సరిగా చెప్పలేను.

ఈస్టరు ఆదివారం కమిటీ కూర్చుంది. ఎవరు పెట్టారని నేను అడిగితే ఒక్కరూ నోరు విప్పలేదు. నన్ను వెళ్లి సంఘం తరఫున క్షమాపణ చెప్పి రమ్మన్నారు. పనిలో పనిగా ఆ పెద్దమనిషి యేసును మెస్సీయగా ఎందుకు ఒప్పుకోడో కనుక్కుని, సమయం చూసి సువార్త చెప్పమన్నారు. రెండు పనులనూ తీర్మానంగా రాసుకున్నాను.

ఏప్రిల్ 26, గురువారం, ఆయన గదిలో కూర్చుని క్షమాపణ పత్రం అందించాను. చదివి, మడిచి, నాకే తిరిగి ఇచ్చాడు.

"బాగా రాశారు. కానీ ఆ కాగితాలు మీరు పెట్టలేదన్నారుగా?"

"పెట్టలేదు."

"మరి మీరెలా క్షమాపణ అడుగుతారు? మా దగ్గర అది చెల్లదు. ఏడాదికొకసారి రోజంతా ఉపవాసముండి దేవుణ్ని వేడుకుంటాం. అయినా పక్కింటివాడికి చేసిన తప్పును దేవుడు వాడి తరఫున క్షమించడు. వాణ్నే వెళ్లి అడగాలి. పెట్టినవాళ్లని రమ్మనండి. టీ ఇస్తాను."

రెండో పని మొదలుపెట్టాను. రాసుకోవచ్చా అని అడిగి పెన్ను తీశాను. "పోలీసుల్లా ఉన్నారే!" అని నవ్వి, ఆయన మెల్లగా, నేను రాసుకునేలా చెప్పాడు.

మెస్సీయ మనిషేనన్నాడు. తల్లికీ తండ్రికీ పుట్టిన మనిషి, దావీదు వంశంలో రాజు. దేవుడు కాడు. మనిషిని దేవుడనడం తమకు నోట పలకడానికే భయమన్నాడు. ఆ రాజు చేయవలసిన పనులు ప్రవక్తలు ముందే చెప్పారు: చెదిరిన ప్రజను కూడగట్టాలి, ఆలయం మళ్లీ నిలబడాలి, యుద్ధాలు ఆగిపోవాలి, లోకమంతా ఒక్క దేవుణ్ని ఎరగాలి. ఇవి చేయకుండా చనిపోయినవాడు ఎంత మంచివాడైనా మెస్సీయ కాడు. మిగిలిన పనికి రెండోసారి వస్తాడన్న మాట తమ పెద్దలు చెప్పలేదు.

"మరి పాపాల సంగతి? మా ప్రభువు మా పాపాల కోసం ప్రాణం పెట్టాడు," అన్నాను.

"నా పాపానికి ఇంకొకరు ఎందుకు చావాలి? తప్పు చేసినవాడు మనసు మార్చుకుని తిరిగి రావాలి. దేవుడు వాకిట్లోనే నిలబడి ఉంటాడు. మధ్యలో ఎవరూ అక్కర్లేదు."

దెబ్బలు తిని నోరు తెరవని సేవకుడి గురించి ప్రవక్త రాసిన భాగాన్ని నేను తెలుగులో మొదలుపెట్టి ఇంగ్లీషులో ముగించాను. ఎనిమిదేళ్ల వయసులో కంఠతా పట్టిన భాగం. అది యేసు గురించి కాక మరొకరి గురించి కావచ్చని నా జన్మలో అనుకోలేదు. ఆయన చివరి దాకా విని, "అది మా ప్రజ గురించి," అన్నాడు. ఇంటివాళ్లందరినీ పోగొట్టుకున్న మనిషి ఎదురుగా కూర్చుని అన్న ఆ మాటను అక్షరం పొల్లుపోకుండా రాసుకున్నాను.

"మీ లెక్కలో మెస్సీయ వచ్చి రెండువేల ఏళ్లయింది కదా. మరి మనిద్దరం ఈ తలుపును మూడుసార్లు లాగి ఎందుకు చూస్తున్నాం, మిస్టర్ సెక్రటరీ?" అన్నాడు.

"మీ లెక్కలో నాకేమవుతుంది?" అని అడిగాను. ఆ ప్రశ్న తీర్మానంలో లేదు. భయంతో వచ్చింది.

"మీకేం? మీరు యూదులు కానక్కర్లేదు. ఒక్క దేవుణ్ని తలుచుకుని న్యాయంగా బతికితే రాబోయే లోకంలో మీకూ చోటుంది." పెన్ను ఆగేదాకా ఉండి అడిగాడు. "మీ లెక్కలో నా సంగతేమిటి?"

నేను నేర్చుకున్న జవాబు నాకు తెలుసు. ఎన్నో ఆదివారాలు చేతులెత్తి ఆమెన్ అన్న జవాబు. అది నోటి దాకా వచ్చి ఆగిపోయింది. ఆయన ఎదురుచూశాడు. తర్వాత లేచి దీపం ఆర్పి, తాళం తీసుకున్నాడు.

మే 6న ఆరాధన తర్వాత సర్వసభ్య సమావేశం. మన సంఘాల పద్ధతి ప్రకారం జరిగినదంతా చదివి వినిపించి ఆమోదం తీసుకోవాలి. నాలుగు పేజీలు, ఒక్క మాట వదలకుండా చదవడం మొదలుపెట్టాను. మూడో పేజీలో కమిటీ ఛైర్మన్, నాకంటే ఇరవై ఏళ్లు చిన్నవాడు, చెయ్యెత్తాడు.

"అంకుల్, మీరు మినిట్స్ చదువుతున్నారా, ప్రీచ్ చేస్తున్నారా? అదీ వాళ్ల సైడ్ నుంచి!"

అందరూ నవ్వారు. వెనక వరుస నుంచి ఎవరో, "అంకుల్ సున్నతి ఎప్పుడో కనుక్కోండి, లీవ్ పెట్టుకుని వస్తాం," అన్నారు. నవ్వు ఇంకా పెరిగింది.

నేను నవ్వలేదు. నాలుగో పేజీ చదివాను. కరపత్రాలు పెట్టినవారు స్వయంగా రావాలని ఆయన కోరినట్టు, వస్తే టీ ఇస్తానన్నట్టు చదివాను. చివరి వాక్యం ఇది: 'తనకేమగునని ఆయన అడుగగా కార్యదర్శి జవాబు చెప్పలేదు.'

నవ్వు ఆగింది. పాస్టరు గారు నన్ను కూర్చోమన్నారు.

"పెద్దాయనా, జవాబు చెప్పలేదా?"

"లేదండి అయ్యగారూ."

"పోనీ, చెప్పారని రాయండి. 'యేసును నమ్మనివారికి రక్షణ లేదని కార్యదర్శి స్పష్టముగా చెప్పెను.' ఒక్క లైను. ఇక్కడే కరెక్ట్ చేసేద్దాం."

"జరగని మాట రాయలేనండి."

"అంటే నరకం లేదంటారా?"

"నేనేమీ అనలేదండి. అదే రాశాను."

ఇంటికి డ్రైవ్ చేస్తుంటే నా భార్య నా వైపు తిరిగింది.

"ఒక్క లైనే కదండీ. రాసి పారేయకూడదూ?"

"నువ్వయితే ఆయన ముఖం చూసి చెప్పగలవా?"

"నన్నడక్కండి. నాకు భయం," అంది. మళ్లీ కాసేపటికి, "మిమ్మల్ని బల్లకు రానివ్వరేమోనని అంతకన్నా భయం," అంది.

ఆమె భయమే నిజమైంది. జూన్ 3న పళ్లెం మా వరుసలోకి వచ్చింది. నేను చెయ్యి చాచాను. పళ్లెం పట్టుకున్న మనిషి నా కళ్లలోకి చూడకుండా, నా చేతి మీదుగా దాన్ని నా భార్యకు అందించాడు. ఆమె తన ముక్కను నోట్లో పెట్టుకోలేక, పెట్టుకోకుండా ఉండలేక, గుప్పెట్లో పట్టుకుని ఏడ్చింది. నా చెయ్యి అలాగే గాలిలో ఉండిపోయింది. దాన్ని వెనక్కి తీసుకోవడం ఆ రోజు నేను చేసిన పనులన్నింటిలో కష్టమైనది.

యేసే మెస్సీయ అని నేను అప్పుడూ నమ్మాను, ఇప్పుడూ నమ్ముతున్నాను. అందుకే భయం. ఆ గురువారం నా మౌనం ప్రభువును ఎరగనని చెప్పడమే అయితే నా గతి ఏమిటి? కాకపోతే నన్ను ఎందుకు వెలివేశారు? నాలుగేళ్లుగా ఉదయం ప్రార్థనకు మోకరిల్లగానే మొదట వచ్చేవి ఈ రెండు ప్రశ్నలే.

మరుసటి ఏడు సంఘం ఒక స్కూలు హాలుకు మారింది. కరపత్రాలు పెట్టినవారు ఆయన దగ్గరకు వెళ్లలేదు. 1986 చలికాలంలో ఆయన చనిపోయాడు. సమాధి దగ్గర వెనక నిలబడి, వారు చేసినట్టే నేనూ పారతో మట్టి వేశాను. ఆయన లెక్క ప్రకారం, ఆ తప్పును క్షమించగలిగిన ఒక్క మనిషి ఇక లేడు. ఎవరు పెట్టారో నాకు తెలియదు గానీ, వారి కోసం కూడా భయపడుతున్నాను.

కనుక సంఘ పాస్టరు గారికీ, కమిటీ వారికీ ఇందుమూలంగా తెలియజేయడమేమనగా: నన్ను ప్రభువు బల్ల నుంచి తొలగించిన తీర్మానం ఏ తేదీన, ఎవరి సంతకాలతో, ఏ వాక్యం ఆధారంగా జరిగిందో నాకు రాతపూర్వకంగా తెలుపవలెను. అటువంటి తీర్మానమే లేకపోతే, లేదని రాసి, నన్ను తిరిగి బల్లకు చేర్చుకొనవలెను. కోసిన నాలుగు పేజీలు ఎక్కడ ఉన్నవో, కరపత్రములు పెట్టినది ఎవరో తెలుపవలెను. ఆ పెద్దమనిషి నన్నడిగిన ప్రశ్నకు నేను చెప్పవలసి ఉండిన జవాబు ఏదో, ఆయన ఎదుట కూర్చుని మీరు చెప్పగలిగిన మాటలలోనే రాసి, కింద మీ సంతకము చేయవలెను. ఎవరూ ఫోన్ చేయవద్దు, నోటిమాటగా ఓదార్చడానికి రావద్దు. తేదీ వేసిన కాగితం నాకు ఆపరేషనుకు ముందే చేరవలెనని కోరుచున్నాను.