గద్దలా చూసి పట్టిన క్యాచ్

ఎనిమిదో తరగతితో బడి మానేసి చిలకలూరిపేట పత్తి జిన్నింగు మిల్లులో మూటలు మోసే పనికి కుదిరాను. మొదటి పత్తి బోరెం నేనెత్తలేదు, అదే నన్ను పడేసింది. నడుం పట్టేసినవాడు కూర్చుని చేసే పనేముందని వెతుక్కుని విలేకరినయ్యాను. వికలాంగుల ఆటల వార్తలు రాసే పని నాకు అప్పగించారు. ఇంకెవరూ అడగలేదు మరి.

రెండువేల సంవత్సరం దాటిన ఆ కొత్తలో మా వార్తల కవరు గుంటూరుకు బస్సులో వెళ్లేది. సాయంత్రం బస్సు తప్పితే వార్త లేనట్టే. ఒకరోజు అంధుల క్రికెట్ మ్యాచ్ ఆఖరి ఓవర్లో ఉండగానే బస్టాండుకు పరుగెత్తాను. వెనకాలే సైకిలు మీద వచ్చినాయన, ప్రత్తిపాడు ఆటగాడు చివరి క్యాచ్ పట్టి గెలిపించాడని చెప్పాడు. మోకాలి మీద కాగితం పెట్టుకుని "గద్దలా చూసి ఒడిసిపట్టాడు" అని రాసి, కవరు కండక్టరు చేతిలో పెట్టాను. మర్నాడు అచ్చులో చూసుకుని తెగ మురిసిపోయాను.

ఆ ఆటగాడికి పుట్టుకతోనే చూపు లేదు. జట్టులో పూర్తిగా చూపులేనివాళ్లకు ఉంచే స్థానం అతనిది. రాష్ట్ర జట్టుకు అప్పుడే ఎంపికయ్యాడు. ఓడిన జట్టు కోచ్ నా వార్త కత్తిరించి, ఇతనికి కళ్లు కనిపిస్తాయని ఫిర్యాదు చేశాడు.

గుంటూరులో ఎంపిక కమిటీ విచారణకు నన్నూ రమ్మన్నారు. పన్నెండింటికి జట్టు జాబితా ఖాయం చేస్తారు. నేను చేరేసరికి పదకొండున్నర. ఆ ఆటగాడు కుర్చీలో బిగుసుకుని కూర్చున్నాడు.

"బంతిలో గోళీల గలగల విని పట్టానండి. డాక్టరు సర్టిఫికెట్ కూడా ఉందిగా," అంటున్నాడు.

"పేపర్లో కూడా ఉందిగా! ఉత్తినే రాస్తారా?" అన్నాడు కోచ్.

కమిటీ పెద్దాయన చప్పుడు చేయకుండా లేచి, పెన్ను మొన ఆటగాడి కంటికి అంగుళం దూరం దాకా తెచ్చాడు. అతని రెప్ప కదల్లేదు. నావే టపటపా కొట్టుకున్నాయి.

"అలా అలవాటు చేయిస్తారండీ," అన్నాడు కోచ్.

పెద్దాయన గోడ గడియారం చూశాడు. కూర్చుని, జాబితాలో అతని పేరు మీద పెన్ను ఆనించాడు. ఇక గీత గీయడమే మిగిలింది. నోరు తెరిస్తే నా విలేకరి పని పోతుంది.

"సార్, ఆ క్యాచ్ నేను చూళ్లేదు. బస్టాండులో ఉన్నా."

"మరి ఈ గద్దేంటయ్యా?"

"బాగుంటుందని నేనే పెట్టానండి."

"ఎవరన్నా చెప్పమన్నారా నీకు?"

"లేదండి."

"అయితే ఆ ముక్క రాసివ్వు."

రాశాను. పెద్దాయన ఆ కాగితం రెండుసార్లు చదివి, సర్టిఫికెట్ పక్కన పెట్టి, పెన్నుకు మూత పెట్టేశాడు. పేరు జాబితాలో ఉండిపోయింది.

బయటికొచ్చాక నాకు ఊపిరాడింది, దాంతోపాటు నోరూ లేచింది. "నీకోసం నా ఉద్యోగం ఒడ్డానయ్యా!" అన్నాను.

"అంతదాకా ఎందుకండీ విలేకరిగారూ? ఏం జరిగిందో నన్నడిగితే సరిపోయేదిగా. నేను గ్రౌండులోనే ఉన్నా."