కెమెరా పట్టింది మా చిన్నాన్న

ఆ ఫ్రెంచి దొర సినిమా మొత్తం ఒంటిచేత్తో తీశాడట. కెమెరా ఆయనే, డైరెక్షన్ ఆయనే, వేషమూ ఆయనే! మొన్న మా ఆడపడుచు కూతురు ఆయన గొప్పదనం మీద వచ్చిన వీడియో పంపి, "అత్తా, మన యాంగోన్ కూడా ఉంది, చూడు" అంది. చూశాను, ఒళ్లు మండింది. అందులో ఊరేగింపు ముందు నిలబడి మాట్లాడుతున్నది ఆయనే అయితే, ఎదురుగా కెమెరా పట్టుకున్నదెవరు? అది గాలిలో వేలాడిందా?

పట్టుకున్నది మా చిన్నాన్న. ఎనభై ఎనిమిదిలో, ఈ దేశం తలుపులన్నీ బిగించుకు కూర్చున్న రోజుల్లో, వీధులు సైనిక పాలన మీద నినాదాలతో అట్టుడికిపోతుంటే, వారం రోజుల వీసా మీద దిగాడా దొర. సినిమాలో ఆయనది విలేఖరి వేషం. లత పేటలో చిన్నాన్న పనిచేసే ఫోటో స్టూడియోకి బ్యాటరీల కోసం వచ్చి, తను నటించేటప్పుడు కెమెరా పట్టమని అడిగాడు. చిన్నాన్నకి తెలిసిందల్లా ఇక్కడి మన తెలుగువాళ్ల పెళ్లిళ్లు తీయడం. మన పెళ్లిళ్లలో ఒక్క మొహం తప్పిపోయినా చుట్టరికాలు తెగిపోతాయి కదా! అందుకని దొరని కాసేపు చూపించి, వెనకున్న సేక్కాన్ రేవు కూలీలనీ కాలేజీ పిల్లలనీ ఒక్కొక్కర్నీ పలకరిస్తున్నట్టు నింపాదిగా తీశాడు. ఆ ఊరేగింపులోనే ఉన్న మా నాన్న అయితే జేబులోంచి దువ్వెన తీసి, తల దువ్వుకుని మరీ నిలబడ్డాడట.

చిన్నాన్న ఇంటికొచ్చి ఇదంతా గొప్పగా చెబితే అమ్మ గరిటె పట్టుకునే ఆయన మీదకొచ్చింది. "అదేటి పెళ్లి ఊరేగింపేటయ్యా? అందరి మొగాలూ వరసగా తీసి ఇన్సేన్ జైలుకి అప్పజెప్పీసినావు!"

"నిలబడ్డోల్నందర్నీ ఒగ్గీసి ఆడొక్కడి మొగమే తీత్తే ఏటి బాగుంటాది వొదినా?"

దొర ఆ రీలు పట్టుకుని విమానాశ్రయానికి వెళ్లాడు. దాటించాడో, దొరికిపోయాడో చెప్పే నాథుడు లేడు. ఆ తర్వాత తుపాకులు పేలాయి, బయటి కబుర్లు ఆగిపోయాయి. వీధిలో జీపు చప్పుడైతే చాలు, అమ్మ నాన్నని వంటింట్లోకి నెట్టేది. పోల్చుకోకుండా మీసం కూడా తీయించేసింది. మీసం లేని నాన్నని చూసి ఫక్కున నవ్వాను, నవ్వు పూర్తికాకుండానే ఏడుపొచ్చింది. రీలులో మొహం లేనిది చిన్నాన్న ఒక్కడికే. అందరికన్నా ఎక్కువ భయపడిందీ ఆయనే. అన్నం కంచం ముందు పెట్టుకుని, తను ఎవరెవర్ని తీశాడో గొణుక్కుంటూ కూర్చునేవాడు.

పట్టుకుపోవడానికి ఎవరూ రాలేదు. ఎందుకు రాలేదో తెలియకుండానే నాన్న, చిన్నాన్న ఇద్దరూ పోయారు. ఇప్పుడు ఆ షాటుని ఆపి ఆపి చూశాను. దొర మాట్లాడతాడు, కెమెరా పక్కకి జరగబోతుంది, అంతలో టక్కున తెగిపోతుంది. మా నాన్న లేడు, రేవు మనుషులు లేరు, ఆ పిల్లల్లో ఒక్కరూ లేరు. కాలం భయాన్ని అరగదీస్తుందేమో గానీ, సందేహాన్ని ముట్టుకోను కూడా ముట్టుకోదు. ఆ మొహాలన్నీ దొర కత్తిరించింది మా ప్రాణాలు కాపాడాలనా, తన మొహం ఒక్కటే మిగలాలనా?