పెంకులు తీసిన ఇల్లు

తాయారమ్మది టెక్కలి దగ్గర పల్లె. పెళ్లయ్యాక భర్త వెంట రాయపూర్ వచ్చింది. బియ్యం మిల్లులో పనిచేసే సత్తిరాజు కామెర్లతో పోయాక, కూతురు ఊర్మిళను పెట్టుకుని స్టేషన్ వెనక గల్లీలోని అద్దె గదిలోనే జాకెట్లు కుడుతూ ఉండిపోయింది. ఇంటి ముందు భాగంలో యజమాని బన్వారీలాల్ ఉండేవాడు.

డెబ్బై నాలుగులో ఆయనకు అక్కడ దుకాణాలు కట్టాలని బుద్ధి పుట్టింది. ఖాళీ చెయ్యమన్నాడు. ఎక్కడికి పోతుంది? నెల తిరక్కుండా, ఇల్లు కూలిపోయేలా ఉందంటూ కోర్టులో దావా వేశాడు. హిందీలో వచ్చిన నోటీసును పక్కింటి రైల్వే గుమాస్తా గురునాథం చదివి చెప్పాడు.

"పోలీసులొచ్చి లాక్కుపోతారేటి బాబూ?" తాయారమ్మ అడిగింది.

"పోలీసుల కేసు కాదమ్మా, దీవానీ, అంటే సివిలు దావా. వకీలును పెట్టుకుని జవాబు చెప్పుకోవాలి, అంతే."

'అంతే' అన్న మాట ఆమె చెవికెక్కలేదు.

ఇల్లు చూడ్డానికి కోర్టు మనిషి వస్తాడని తెలిసిన వారంలో, ఒక మధ్యాహ్నం కుట్టుమిషను మీద మట్టి రాలింది. తలెత్తితే కప్పులోంచి ఆకాశం కనిపించింది. పక్క గల్లీ మేస్త్రీ బిసాహు పైనుంచి పెంకులు తీస్తున్నాడు.

"ఏటి బాబూ ఇది? దిగు!"

"మాలిక్ చెప్పాడు బాయీ." ఆమె మొహం చూడకుండా ఇంకో పెంకు లాగాడు.

వాకిట్లో నిలబడిన బన్వారీలాల్ మెల్లగానే అన్నాడు: "ఛోడ్ దో, తాయారా. వదిలేసి వెళ్లిపో. వానలొస్తున్నాయి. పిల్లను చంపుకుంటావా?"

ఆమె మిషను మూలకు లాక్కుని అక్కడే కూర్చుండిపోయింది. ఎంత ధైర్యమో అనుకున్నారు గల్లీ ఆడవాళ్లు. నిజానికి బయటికెళ్తే మళ్లీ లోపలికి రానివ్వరని ఆమె భయం.

గురునాథం కప్పు మీద కట్టిన టార్పాలిన్ పట్టా తొలివానకే చిరిగింది. ఊర్మిళకు జ్వరం తగిలింది. వచ్చిన కోర్టు మనిషి, ఇంటికి కప్పు లేదని ఉన్నదున్నట్టు రాసుకుపోయాడు. పెంకులు ఎవరు తీశారో చెప్పే సాక్షి కావాలన్నాడు వకీలు. తాయారమ్మ బిసాహు ఇంటికి వెళ్లి చేతులు జోడించింది.

"నేను చెబితే రేపు నాకు పనెవరిస్తారు?" అని అతను తలుపు వేసుకున్నాడు. లోపల అతని భార్య ఏదో గట్టిగా అనడం వినిపించింది.

విచారణ రోజున తాయారమ్మ బోనెక్కింది. యజమాని వకీలు దగ్గరికొచ్చి అడిగాడు: "ఆ ఇంట్లో ఉండాలంటే నీకు భయం లేదా?"

"భయమే బాబూ," వచ్చీరాని హిందీలో అంది. "గోడ కూలిపోద్దని కాదు. తెల్లారితే ఈ సేట్ ఏటి చేయిస్తాడోనని."

బన్వారీలాల్ వైపు ఎత్తిన చెయ్యి సగంలోనే కిందికి వాలిపోయింది. ఆయన ఆమెనే చూస్తున్నాడు.

అప్పుడు బిసాహు వచ్చాడు. వెనకే అతని భార్య. మాట మార్చనివ్వకుండా కాపలా ఉన్నట్టు గుమ్మంలో నిలబడిందామె. బిసాహు యజమానిని కఠినంగా ఏమీ అనలేదు. దూలాలు గట్టివేనని, పెంకులు బాగానే ఉన్నాయని, మాలిక్ తీయమంటే తీశానని చెప్పాడు.

దావా కొట్టేశారు. కప్పు మళ్లీ వేయించాలని యజమానిని ఆదేశించారు. గురునాథం మిఠాయి తెచ్చాడు గానీ తాయారమ్మ ముట్టలేదు. "మళ్లీ ఏదో చేస్తాడు బాబూ," అంది. బన్వారీలాల్ పైకోర్టుకు వెళ్లి అక్కడా ఓడిపోయాడు. ఆ తర్వాత ఆమెతో ఒక్క మాటా మాట్లాడలేదు. ఆ మౌనానికి ఆమె ఇంకా హడలిపోయింది. ఊర్మిళ ఒంటరిగా వాకిలి దాటకూడదని ఆంక్ష పెట్టింది.

ఏళ్లు గడిచాక ఊర్మిళకు నర్సు ఉద్యోగం, క్వార్టరు వచ్చాయి. తాయారమ్మ తనంతట తానే ఆ గది ఖాళీ చేసింది. కొత్త ఇంట్లో కూడా ఎవరైనా తలుపు తడితే వెంటనే తీసేది కాదు. "ఎవరో చూడే, సేట్ మనుషులేమో," అని కూతురి చెయ్యి గట్టిగా పట్టుకునేది.