మూడుసార్లు పిలిచిన పేరు

కోర్టులో నా పని పేర్లు పిలవడం. వరండా చివర నిలబడి ఒక్కో పేరూ మూడుసార్లు పిలవాలి. భద్రాచలం అడవి అంచున ఉంది మా కోర్టు. ఇప్ప పూలు రాలే రోజుల్లో ఆ తియ్యటి వాసనకు కాగితాలు కూడా మత్తెక్కి తూగుతున్నట్టుండేవి. నేను పిలిచిన పేర్లు టేకుచెట్ల దాకా పోయి, అక్కడే ఎవరితోనో ముచ్చట్లు పెట్టుకుంటున్నాయేమో అనిపించేది.

కోయగూడెం నుంచి ఇద్దరు ముసలి అన్నదమ్ములు వాయిదాలకు వచ్చేవాళ్లు. అడవిలో టేకు దుంగలు దొంగతనంగా కొట్టారని కేసు. ఎన్నేళ్లయినా తెమలలేదు. ఒక వానాకాలం తర్వాత అన్న ఒక్కడే వచ్చాడు. తమ్ముడి పేరు పిలిస్తే "వస్తుండు" అన్నాడు. తర్వాతి వాయిదాకూ అదే మాట.

మూడోసారి నాకు ఒళ్లు మండింది.

"ఏంది తాతా, యాడిదాక వచ్చిండు మీ తమ్ముడు? నాతోటి పరాచికాలా?"

ఆయన అటూ ఇటూ చూసి గొంతు తగ్గించాడు. "పోయిండు బిడ్డా. జెరమొచ్చి పోయిండు. చెప్తే కేసుల నుంచి పేరు తీసేస్తరంట. గట్లయితే వాడు దొంగగనే ఉండిపోతడు. దొంగ కాదని జడ్జిసారు చెప్పినంకనే వాని రాయి నిలబెడ్త."

పోయినవాళ్లకు వాళ్ల గూడెంలో నిలువురాయి పాతుతారు. తమ్ముడి రాయిని తెచ్చి, చేను పక్కన పడుకోబెట్టి ఉంచాడట. ఆ సంగతి నేను కోర్టులో ఎవరికీ చెప్పలేదు. తప్పే, నాకు తెలుసు. ప్రతి వాయిదాకూ లేని మనిషిని మూడుసార్లు పిలిచేదాన్ని. పిలుస్తూ పిలుస్తూ, తువ్వాల దులుపుకుంటూ నిజంగానే వస్తాడేమోనని దారి వైపు చూసేదాన్ని.

ఇంకో వానాకాలం గడిచాక హైకోర్టు నుంచి ఉత్తర్వు వచ్చింది. ఏళ్ల తరబడి నానుతున్న క్రిమినల్ కేసులను త్వరగా తేల్చాలట. దుమ్ము కొట్టుకుపోయిన కట్టలన్నీ బీరువాల మీది నుంచి దిగాయి. రాని తమ్ముడి మీద వారంట్ వెళ్లింది. గూడేనికి పోయిన పోలీసులు, మనిషి చనిపోయాడని రాసుకొచ్చారు. కేసులోంచి ఆయన పేరు తీసేశారు. నెల తిరగకుండానే తీర్పు కూడా వచ్చేసింది. నేరం రుజువు కాలేదు, అన్న నిర్దోషి.

ముసలాయన బోనులోంచి దిగి నా దగ్గరికి వచ్చాడు.

"మరి వాడు?"

"చచ్చిపోయినోళ్లకు తీర్పుండదు తాతా."

"తీర్పుండదు గాని, దొంగ పేరైతే ఉంటదా?"

అయ్యో! ఈ తొందరేదో రెండు వానాకాలాల ముందు వచ్చుంటే ఎవరి సొమ్మేం పోయేది? తీర్పులు చెప్పడం నా పని కాదు. అయినా పేర్లు పిలిచే గొంతుతోనే, వరండా అంతా వినబడేట్టు చెప్పాను.

"మీ తమ్ముడు దొంగ కాదు. పో తాతా, రాయి నిలబెట్టు."

ఆయన నా తల మీద చెయ్యి పెట్టాడు. "నువ్వు మంచిదానివే బిడ్డా. జడ్జివి కాదు గద" అన్నాడు.