గోలెంలో మీసాల చేప

అమీర్‌పేటలో పళ్ల డాక్టరు దగ్గర కూర్చున్నాను. అక్కడ అద్దాల తొట్టిలో ఒక మీసాల చేప, లైటు వెలుగు భరించలేక, రాయి కిందికి దూరుతోంది. పాపం, మూసుకోవడానికి దానికి రెప్పలు లేవు.

చిన్నప్పుడు మా ఇంట్లోలాగే మీ ఇళ్లలోనూ చేపలు వేసే నీళ్ల గోలెం ఉండేది, గుర్తుందా? చుట్టాలొస్తే వండడానికి చేపను అందాకా నీళ్లలో బతికించి, ఎగిరి పడకుండా పైన చెక్క మూసేవాళ్లు. ఆ చీకట్లో మా చేప మీసాలతో తడుముకుంటూ నేను వేసిన తవుడు ముద్దను వెతుక్కుని తినేది.

"మీసాలు లేకుంటె ఎట్ల తింటదో సూద్దాంరా" అని చిన్నాయన బీడీల కత్తెరతో వాటిని కత్తిరించాడు. నేను ఏడిస్తే "నీ ముక్కు సుత కోయాల్నా?" అన్నాడు.

తెల్లారి చెక్క తీస్తే ముద్ద అట్లాగే ఉంది. చేప దాని పక్కనుంచే పోతూ గోలెం అంచుకు మూతి రాసుకుంటోంది. ముద్దను నోటి దగ్గర పెట్టాను. తినలేదు.

చుట్టాలొచ్చే నాటికి అది బక్కచిక్కింది. "పులుసుల ముండ్లు తప్ప ఏమున్నయిరా?" అని నాయనమ్మ చిన్నాయనను తిట్టింది.

ఆ కోపంతో చిన్నాయన తోక ముక్క నా కంచంలో వేసి, నేను తినేదాకా ఎదురుగా కూర్చున్నాడు.