రైట్ అంటే ఏ రైట్?

నాచారంలో ఇంటి ముందు గదిలో మిషను పెట్టుకుని మా ఆవిడ జాకెట్లు కుడుతుంది. అలా దాచుకున్న డబ్బును క్రిప్టోలో పెట్టించిన ఘనుణ్ణి నేనే. దాని తాళంచెవి ఫోనులో ఉంటే దొంగలు లాగేస్తారని పెన్‌డ్రైవంత హార్డ్‌వేర్ వాలెట్ కూడా కొన్నాను. తాళంచెవి అందులోనే పుడుతుంది, అందులోనే ఉంటుంది. కంప్యూటరుకు తగిలించినా బయటికి రాదు. డబ్బు పంపాలంటే లోపలే సంతకం చేసి, ఆ సంతకాన్నే బయటికిస్తుంది. అది పాడైతే మాత్రం దిక్కు ఆ తాళంచెవిని మళ్ళీ పుట్టించే ఇరవై నాలుగు ఇంగ్లిషు మాటలే. మొదటిరోజు దాని చిన్న తెర మీద కనిపించిన ఆ మాటలను నేను చదివాను, ఆమె కొలతల పుస్తకం చివరి పేజీలో రాసుకుంది.

మొన్న మోటారు మిషను కొనుక్కుంటానంది. ఉప్పల్ ట్రాఫిక్‌లో గంటసేపు ఇరుక్కుని వచ్చిన నేను, డబ్బు తీద్దామని కూర్చుని చిరాకులో వాలెట్ పిన్ తప్పు కొట్టాను. మళ్ళీ తప్పే. మూడోసారీ తప్పే! దొంగ చేతిలో పడ్డాననుకుని అది లోపలున్నదంతా తుడిచేసుకుంది.

పుస్తకం తెరిచాను. మాటలన్నీ తెలుగు అక్షరాల్లో ఉన్నాయి.

"ఇంగ్లిష్ మాటలు తెలుగుల రాసినవేందే?"

"నువ్వు సదివినవ్, నేను రాసిన. స్పెల్లింగ్ జెప్పినవా?"

ఒక్కొక్కటే ఎక్కించాను. మాటలు సరిపోవడం లేదంది వాలెట్. రెండోసారీ అదే. నోటికొచ్చినట్లు అరిచాను. ఆమె పుస్తకం తన ముందుకు లాక్కుని వేలు పెట్టి చదివింది.

"పన్నెండోది రైట్. ఏ రైట్ కొట్టినవ్? కుడి చెయ్యి రైటా, రాసుడు రైటా?"

కుడి చెయ్యి రైటే కొట్టాను. వాలెట్ ఒప్పుకునే మాటల జాబితాలో చూస్తే రెండూ ఉన్నాయి! మార్చి కొట్టగానే ఆమె డబ్బు మొత్తం కనిపించింది. హమ్మయ్య అనుకుని తల ఎత్తితే ఆమె ఏడుస్తోంది.

"పైసలు పోతె మళ్ల కుట్టుకుంట. తప్పు నువ్వు జేసి నన్నెందుకు తిట్టినవ్?"

సిగ్గుతో చచ్చిపోయాను. తప్పయిందన్నాను. ఆమె కళ్ళు తుడుచుకుని, కొత్త పిన్ అడుగుతున్న వాలెట్‌ను నా చేతిలోంచి తీసుకుంది.

"జర అటు తిరుగు," అంది.

తిరిగాను.